నాన్కింగు మిస్సమ్మ
(మిన్నీ వాట్రిన్ జీవిత సంగ్రహము)

మన పాత సంఘములలో మిస్సమ్మ అనే మాట ఎరుగనివారు లేరు. బాలికల బోర్డింగు నడిపినవారైనా, ఆసుపత్రిలో పని చేసినవారైనా, ఒంటెద్దు బండి మీద పల్లెలు తిరిగినవారైనా మన పెద్దలకు వారందరూ మిస్సమ్మలే. చైనా దేశములో నాన్కింగు పట్టణపు స్త్రీలు కూడ ఒక అమెరికను మిషనెరీని సరిగ్గా ఇట్లే పిలిచేవారు. ఆ పట్టణమును ఇప్పుడు నాన్జింగ్ అంటున్నారు. ఆమెకు చైనా భాషలో హువా అనే ఇంటిపేరు ఉండేది. దానికి మిస్ అని అర్థము వచ్చే తమ మాటను చేర్చి పిలిచేవారు. అనగా హువా మిస్సమ్మ అన్నమాట. ఆమె అసలు పేరు మిన్నీ వాట్రిన్.

మన డయోసిసులో పాటుపడినవారిని గూర్చి ఈ శతాబ్ది సంచికలో పలువురు వ్రాస్తున్నారు. వాట్రిన్ గారికి మన డయోసిసుతో ఏ సంబంధమూ లేదు. అయినా ఆమెను గూర్చి వ్రాయవలెనని మేము కోరుకొన్నాము. ఇటువంటి పరిచారకుల జీవితములు చెప్పేటప్పుడు మేలైన భాగము చెప్పి, కడపటి భాగమును దాటవేయుట మనలో వాడుక అయిపోయింది. ఈమె విషయములో ఆ వాడుకను మేము పాటించలేకపోతున్నాము.

ఆమె 1886వ సంవత్సరము సెప్టెంబరు 27వ తేదీన అమెరికాలోని ఇల్లినాయ్ రాష్ట్రములో సీకర్ అనే చిన్న ఊరిలో జన్మించారు. తండ్రి ఫ్రాన్సు దేశము నుండి వలస వచ్చిన కమ్మరి. ఆమెకు ఆరేండ్ల వయసులో తల్లి చనిపోయింది. కలిగిన కుటుంబము కాదు గనుక చదువుకొనుటకు ఆమె తానే పనులు చేసి సంపాదించుకోవలసి వచ్చింది. ఉపాధ్యాయ శిక్షణ పొంది కొన్నాళ్లు లెక్కల టీచరుగా పని చేసి, ఆ తరువాత ఇల్లినాయ్ విశ్వవిద్యాలయములో చేరి 1912లో పట్టము పుచ్చుకొన్నారు. అదే సంవత్సరము డిసైపుల్స్ ఆఫ్ క్రైస్ట్ అనే సంఘమువారి మిషను తరఫున చైనాకు ఓడ ఎక్కారు. మొదట హెఫే పట్టణములో బాలికల పాఠశాలను వృద్ధి చేశారు. ఆడపిల్లకు చదువెందుకని అడిగే తల్లిదండ్రులు అక్కడ కూడ ఉన్నారు. ఆ ప్రశ్నకు జవాబు చెప్పి చెప్పి అలసిన మిస్సమ్మలు మన ప్రాంతములో ఎందరో ఉన్నారు గనుక ఆ పని ఎట్టిదో చదువరులకు వేరుగా వివరించనక్కరలేదు.

1919లో ఆమె నాన్కింగులోని జిన్‌లింగ్ మహిళా కళాశాలకు వచ్చారు. ఈ కళాశాలను పలు మిషనులు కలిసి 1915లో ప్రారంభించాయి. 1919లో ఐదుగురు యువతులు అక్కడ మొట్టమొదటిసారిగా పట్టభద్రులయ్యారు. ఆ ఐదుగురిలో ఊ యీఫాంగ్ అనే ఆమె తరువాత అమెరికా వెళ్లి డాక్టరు పట్టము పొంది, 1928లో అదే కళాశాలకు ప్రిన్సిపాలు అయ్యారు. వాట్రిన్ గారు తన కంటె చిన్నదైన ఆ చైనా వనిత క్రింద విద్యాశాఖను చూస్తూ సంతోషముగా పని చేశారు. ఇది చిన్న సంగతి కాదు. మిషను సంస్థల పెద్దరికమును స్వదేశీయులకు అప్పగించుట ఎంత కష్టముగా జరిగిందో మన సంఘ చరిత్ర చదివినవారికి తెలుసు.

కళాశాల గోడ అవతల ఉన్న పేద ఇండ్ల పిల్లల కొరకు ఆమె ఒక బడి పెట్టించారు. ఆ ఇరుగుపొరుగువారితో ఆమెకు రాకపోకలు ఉండేవి. తరువాత ఆ ఇండ్ల స్త్రీలు ఎవరి గుమ్మమునకు పరుగెత్తవలెనో ఆలోచించనక్కర లేకపోయింది.

1937 జూలై 7న పీకింగు పట్టణము దగ్గర జపాను సైన్యము, చైనా సైన్యము మధ్య కాల్పులతో యుద్ధము మొదలైంది. ఆగస్టులో షాంఘై మీద దాడి జరిగింది. ఆగస్టు 15 నుండి అప్పటి రాజధానియైన నాన్కింగు మీద విమానములు బాంబులు వేయసాగాయి. మూడు నెలలు పోరాడి షాంఘై పడిపోయిన తరువాత జపాను సైన్యము నదీలోయ వెంట పడమరగా నడిచి వచ్చింది. చైనా ప్రభుత్వము దూరమున ఉన్న చుంకింగునకు తరలిపోయింది. డబ్బున్నవారు పడవలెక్కి పోయారు. పేదవారు మిగిలారు. కళాశాల కూడ పడమటి చైనాకు తరలిపోయింది. డిసెంబరు మొదట్లో ప్రిన్సిపాలు ఊ యీఫాంగ్ గారు కూడ వెళ్లవలసి వచ్చింది. అమెరికా రాయబార కార్యాలయమువారు తమ దేశస్థులందరిని ఊరు విడువుమని ఒకటికి రెండుసార్లు చెప్పారు. వాట్రిన్ గారు ఒప్పుకొనలేదు. ఆపదలో పిల్లలను విడిచి తల్లి పోనట్లే తాను పోనని ఆమె భావము. అప్పటికి ఆమెకు ఏబది ఒక ఏండ్లు.

ఆమె ఒంటరిగా నిలువలేదు. చెంగ్ రుయిఫాంగ్ అనే పెద్దామె హాస్టలు మేట్రను. అరువది దాటిన ఈమె నర్సు పని నేర్చినవారు. ఆమె కూడ కదలలేదు. చెన్ అనే కళాశాల ఉద్యోగి మూడవవారు. ఈ ముగ్గురే అత్యవసర కమిటీ. వీరితో పాటు కొందరు తోటమాలులు, వంటవారు, కావలివారు ఉన్నారు. వాట్రిన్ గారి పేరు ప్రపంచమునకు తెలిసినంతగా మేట్రనమ్మ పేరు తెలియదు. మా మట్టుకు ఈ కథలో ఇద్దరూ సమానులే. ఆ క్యాంపులో పుట్టిన బిడ్డలకు మంత్రసానితనము చేసినది, జబ్బు చేసినవారిని చూసినది, గంజి దగ్గర తగవులు తీర్చినది మేట్రనమ్మ.

నవంబరులో పట్టణములో మిగిలిన కొద్దిమంది విదేశీయులు ఒక కమిటీగా ఏర్పడి సుమారు నాలుగు చదరపు కిలోమీటర్ల మేర రక్షణ మండలమని గుర్తించారు. ఆ కమిటీ అధ్యక్షుడు జాన్ రాబే. సీమెన్స్ కంపెనీ మేనేజరైన ఈ జర్మను పెద్దమనిషి హిట్లరు పార్టీ సభ్యుడు. అటువంటివాడు ఇట్టి పని చేయుట మనకు వింతగా తోస్తుంది గాని, చేసిన మాట నిజము. జిన్‌లింగ్ ఆవరణ ఆ మండలములోనిది. స్త్రీల కొరకు, పిల్లల కొరకు దానిని కేటాయించారు. బల్లలు, కుర్చీలు తీసివేసి గదులు ఖాళీ చేయించి, ఎంతమంది పడతారో వాట్రిన్ గారు లెక్క వేశారు. ఆమె లెక్కల టీచరు కదా. 2,750 అని తేలింది.

డిసెంబరు 13న నాన్కింగు పడిపోయింది.

తరువాతి ఆరు వారములలో జరిగినదంతా ఇక్కడ వ్రాయము. చిన్నపిల్లలు కూడ ఈ సంచిక చదువుతారు. అయినా కొంత చెప్పక తప్పదు. ఆయుధములు పారవేసి లొంగిన సైనికులను, సైనికులని అనుమానించిన పౌరులను గుంపులుగా యాంగ్‌ట్సీ నది ఒడ్డునకు, ఊరి వెలుపలి చెరువుల దగ్గరకు తీసికొనిపోయి చంపారు. చేతులలో కాయలు కాచిన ప్రతివాడు సైనికుడని అనుమానమే. ఆ కాయలు రిక్షా లాగినవానికి, వడ్రంగికి కూడ ఉంటాయి. యుద్ధానంతరము టోక్యోలో విచారణ చేసిన అంతర్జాతీయ న్యాయస్థానము మృతుల సంఖ్య రెండు లక్షలకు మించినదని చెప్పింది. చైనావారు మూడు లక్షలని చెబుతారు. మొదటి నెలలోనే ఇరువది వేల మంది స్త్రీలపై అత్యాచారము జరిగినట్లు ఆ న్యాయస్థానమే అంచనా వేసింది.

అందుచేత స్త్రీలు జిన్‌లింగ్ గేటునకు వచ్చారు. ముఖములకు మసి పూసుకొని వచ్చారు. జుట్టు కత్తిరించుకొని మగవారి బట్టలు తొడుక్కొని వచ్చారు. తెల్లవారకముందే చంకలో బిడ్డతో వచ్చి గేటు బయట నిలుచున్నారు. పడుచులను, పిల్లలను లోపలికి చేర్చుకొని ముసలివారిని ఇండ్లకు పొమ్మని మొదట అనుకొన్నారు. కొద్ది రోజులలోనే ఆ నియమము నిలువలేదు. 2,750 మందికి వేసిన లెక్క పదివేలకు చేరింది. గదులు నిండి, వరండాలు నిండి, మెట్ల క్రింద ఖాళీలు నిండి, ఆరుబయట గడ్డి మీద పడుకొన్నారు. డిసెంబరు చలిలో కప్పు లేకపోయినా ఫరవాలేదు, గోడ లోపల ఉంటే చాలునన్నారు.

పదివేల మంది అనగానే మనము గొప్ప కార్యమని తలుస్తాము. వాట్రిన్ గారి దినములు మాత్రము చాల మామూలు పనులతో గడిచాయి. రెడ్‌క్రాసువారు పెట్టిన వంటశాల నుండి రోజుకు రెండు పూటలు గంజి రావలెను. బియ్యమునకు, బొగ్గునకు ఎవరినో ఒకరిని ఆశ్రయించవలెను. మరుగుదొడ్లు చాలవు. తల్లుల పాలు ఎండిపోయిన బిడ్డలకు పాలపొడి కావలెను. ఇంతలో ఎవరో పరుగెత్తి వచ్చి వెనుక గోడ దగ్గర సైనికులు ఎక్కుతున్నారని చెబుతారు. ఆమె అటు పరుగెత్తి వారిని వెళ్లగొట్టేసరికి ప్రక్క గేటు దగ్గర మరి ఇద్దరు. ఆమె చేతిలో ఆయుధము లేదు. అమెరికా జెండా ఉంది, జపాను రాయబార కార్యాలయము ఇచ్చిన కాగితము ఉంది, పొడుగైన మనిషి, గట్టి గొంతు. సైనికులు కొందరు వెనుదిరిగారు. కొందరు బాయినెట్టు చూపించారు. రాత్రివేళ కావలి కొరకు ఇతర మిషనెరీలు వంతులవారిగా వచ్చి గేటు దగ్గర పడుకొనేవారు.

డిసెంబరు 17 రాత్రి సైనికులు చైనా సిపాయిలను వెదకుతున్నామనే నెపముతో లోపలికి వచ్చారు. ఒక సిపాయి ఆమె చెంపపై కొట్టాడు. ఆమెను, మేట్రనమ్మను, పనివారిని ముందు గేటు దగ్గర నిలువబెట్టి, కొందరిని మోకాళ్లపై ఉంచి, చాలాసేపు ప్రశ్నలు వేశారు. ఆ సమయములో మరి కొందరు వెనుక ప్రక్క నుండి పన్నెండుమంది యువతులను తీసికొనిపోయారు. ముందు గేటు దగ్గర జరిగినదంతా నాటకమని వారికి తరువాత అర్థమైంది. ఆ రాత్రి ఆమె నిద్ర పోలేదు.

ఇక డిసెంబరు 24. ఆ దినమున ఒక జపాను అధికారి వచ్చి, తమ సైనికుల కొరకు వ్యభిచార గృహము తెరుస్తామని, ఈ క్యాంపులో అటువంటి వృత్తి చేసిన స్త్రీలు ఉంటారు గనుక నూరుమందిని ఏరుకొంటామని అడిగాడు. అట్లయితే సంసార స్త్రీల జోలికి సైనికులు రారని చెప్పాడు. మంచి కుటుంబముల పిల్లలను ముట్టరాదనే షరతు మీద వాట్రిన్ గారు వెదకనిచ్చారు. వారికి 21 మంది దొరికారు. ఈ భాగమును కొందరు కప్పిపుచ్చుతారు, కొందరు దీనిని పట్టుకొని ఆమెను నిందిస్తారు. మేము రెండూ చేయలేము. బాయినెట్టు ఎదుట నిలిచిన స్త్రీ తన వెనుక ఉన్న వేలమందిని తలచింది. ఆ 21 మంది కూడ ఆ వేలమందిలోనివారే. వారి వృత్తి ఏదైనా, వారు కూడ ప్రాణరక్షణ కొరకే ఆ గేటు దాటి లోపలికి వచ్చారు. ఈ రెండు సంగతులు ఒకదానినొకటి కొట్టివేయవు. ఆ సాయంకాలము కిటికీకి మందపు తెర కట్టి, వెలుతురు బయటికి కనబడకుండ, క్రిస్మసు ప్రార్థన జరుపుకొన్నారు.

డిసెంబరు చివర జపానువారు పౌరులందరిని పేర్లు నమోదు చేయసాగారు. జిన్‌లింగ్ ఆవరణలోనే ఆ పని కొంత జరిగింది. సైనికులని అనుమానించి మగవారిని ప్రక్కకు లాగుతుంటే, క్యాంపులోని స్త్రీలు ధైర్యముగా ముందుకు వచ్చి, ఇతడు నా భర్త, ఇతడు నా కుమారుడని చెప్పి కొందరిని విడిపించారు. ఆ స్త్రీలను రక్షణ పొందినవారని మాత్రమే చెప్పుకొంటాము. రక్షించినవారిలో కూడ వారున్నారు.

తిరిగి రాని భర్తల కొరకు, కొడుకుల కొరకు వందల స్త్రీలు వాట్రిన్ గారి దగ్గరకు వచ్చి ఏడ్చేవారు. పట్టణపు జైలులో కొందరు బ్రతికి ఉన్నారని వినికిడి. ఆమె అర్జీలు తయారు చేయించి, వ్రాత రానివారి చేత వ్రేలిముద్రలు వేయించి, జపాను అధికారుల చుట్టు, వారు నిలబెట్టిన చైనా అధికారుల చుట్టు నెలల తరబడి తిరిగారు. కొద్దిమందే విడుదలయ్యారు. చాలామంది భర్తలు మొదటి వారములోనే చనిపోయి ఉంటారని ఆమెకు తెలుసు. ఆ మాట ఆ స్త్రీలతో అనలేకపోయారు.

ఇన్ని చూచి కూడ ఆమె జపాను ప్రజలను ద్వేషించలేదు. ఈ సంగతులు తెలిస్తే జపాను స్త్రీలు ఎంత సిగ్గుపడతారో కదా అని ఆమె తలంపు. మర్యాదగా వచ్చిన జపాను సైనికులకు కళాశాల చూపించి టీ ఇచ్చిన సందర్భములు కూడ ఉన్నాయి. మేట్రనమ్మకు అంత ఓర్పు లేదు. ఆమె తన దేశమును చూచి కోపముతోనే రగిలారు. ఆ కోపము తప్పని మేమనము.

1938 ఫిబ్రవరి 4వ తేదీ నాటికి శరణార్థి క్యాంపులన్నీ మూసివేయుమని జపానువారి ఆజ్ఞ. వాట్రిన్ గారు పోవుటకు ఇల్లు లేని యువతులను మే నెలాఖరు వరకు ఉంచుకొన్నారు. ఆ సంవత్సరము జూలైలో చైనా ప్రభుత్వము ఆమెకు జేడ్ పతకమును ప్రకటించింది. శత్రువు పాలనలో ఉన్న ఊరు గనుక ఆ సంగతి రహస్యముగానే ఉంచవలసి వచ్చింది. ఆ సంవత్సరమే మన దేశము నుండి కాంగ్రెసువారు ఐదుగురు వైద్యులను చైనాకు పంపారు. వారిలో షోలాపూరు వాస్తవ్యుడైన డాక్టరు కోట్నీస్ 1942లో అక్కడే కన్ను మూశారు.

సెప్టెంబరులో ఆమె సుమారు నూరుమంది దిక్కులేని స్త్రీలకు ఒక చేతిపనుల బడి తెరిచారు. నేత, కుట్టుపని, వంట, అక్షరములు నేర్పేవారు. వారి బిడ్డలకు వేరుగా శిశుశాల. భర్త పోయిన స్త్రీ బ్రతుకుటకు జాలి కంటె కూలి ముఖ్యమని ఆమెకు తెలుసు. ఆడపిల్లలకు ఉన్నత పాఠశాల కూడ నడిపారు. శత్రు ఆక్రమణలో బడి నడుపుట గంజి పోయుట కంటె చిక్కైన పని. ఏ పాఠ్యపుస్తకము వాడినా అనుమానమే. వీధులలో నల్లమందు, హెరాయిను బహిరంగముగా అమ్ముతున్నారు. పట్టణము కుళ్లిపోవుట ఆమె కండ్ల ఎదుటనే జరిగింది. 1940 మార్చి 30న వాంగ్ జింగ్‌వీ అనే చైనా నాయకుడు జపానువారి అండతో అదే నాన్కింగులో ప్రభుత్వము పెట్టాడు.

ఆమె ప్రతి రాత్రి ఎంత అలసినా దినచర్య వ్రాసేవారు. 1940 ఏప్రిల్ 14న అది ఆగిపోయింది. ఆమెకు ఇక శక్తి లేదు. అన్నము సహించదు, నిద్ర పట్టదు, ప్రతి తప్పు తనదేనని ఏడుపు. మే 14న నాన్కింగు విడిచిన ఆమెను తోటివారు దారి పొడవున కనిపెట్టుకొని అమెరికా చేర్చారు. అక్కడ వైద్యము జరిగింది. కొంత కుదుటపడినట్లు కనిపించి, తిరిగి చైనాకు పోతానని కూడ అనుకొన్నారు. నాన్కింగు విడిచిన దినమునకు సరిగ్గా ఏడాదికి, 1941 మే 14న, ఇండియానాపొలిస్ పట్టణములో ఒంటరిగా ఉన్న సమయములో ఆమె తన ప్రాణము తానే తీసుకొన్నారు. వయసు ఏబది నాలుగు. తన సేవ విఫలమైందని ఆమె నమ్మకము.

ఇదే మేము దాటవేయలేని భాగము. మన సంఘములలో ఇటువంటి మరణము జరిగితే గుసగుసలు, సమాధి దగ్గర పట్టింపులు, కుటుంబమును తప్పించుకొని తిరుగుటలు మనకు తెలియనివి కావు. అది విశ్వాసలోపమని ఒక్క మాటతో తేల్చేస్తాము. ఈ స్త్రీ విషయములో ఆ మాట ఎవరంటారో మేము చూడవలెను. మూడేండ్ల పాటు ఆమె ఇతరుల భయమును మోసింది. ఆ బరువు దించుకొనే చోటు ఆమెకు ఎవరూ చూపలేదు. యుద్ధము చూచినవారి మనస్సునకు కలిగే గాయమును నేటి వైద్యులు రోగమని గుర్తించి చికిత్స చేస్తున్నారు. ఆ దినములలో దానిని గూర్చి వైద్యులకు తెలిసినది బహు తక్కువ. ఇంకొక సంగతి కూడ మాకు తోస్తుంది. మనము ఆమె కాపాడిన పదివేలమందిని లెక్కిస్తాము. ఆమె లెక్క వేరు. ఆ పన్నెండుమంది, ఆ ఇరువది ఒక్కరు, విడుదల కాని భర్తలు, వీరే ఆమె లెక్కలో ఉన్నారు. లెక్కల టీచరుకు ఆ కూడిక ఎంతకీ తెగలేదు.

ఆమెను మిచిగాను రాష్ట్రములో షెపర్డ్ అనే ఊరిలో సమాధి చేశారు. సమాధి రాతి మీద నాలుగు చైనా అక్షరములు చెక్కారు. జిన్‌లింగ్ నిత్యము నిలుచునని వాటి అర్థము. ఆమె దినచర్య అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయపు దైవశాస్త్ర కళాశాల గ్రంథాలయములో భద్రముగా ఉన్నది. యుద్ధము ముగిసిన తరువాత కళాశాల నాన్కింగునకు తిరిగి వచ్చింది. ప్రిన్సిపాలు ఊ యీఫాంగ్ గారు 1945లో శాన్‌ఫ్రాన్సిస్కోలో ఐక్యరాజ్యసమితి నిబంధన పత్రముపై చైనా పక్షమున చేవ్రాలు చేసినవారిలో ఒకరు. ఆ ఆవరణ ఇప్పుడు నాన్జింగ్ సాధారణ విశ్వవిద్యాలయపు భాగము. అక్కడ వాట్రిన్ గారి విగ్రహము నిలిపారు.

మేట్రనమ్మ కూడ ఆ దినములలో చైనా భాషలో ఒక దినచర్య వ్రాశారు. అది 1937 డిసెంబరు 8న మొదలై 1938 మార్చి 1న ముగుస్తుంది. టోక్యో విచారణకు ఆమె వాఙ్మూలము ఇచ్చారు. 1969లో చనిపోయారు. ఆ దినచర్య నాన్జింగ్‌లోని దస్త్రముల భాండాగారములో ఎవరి కంటా పడక ఉండి 2001లో బయటపడింది. 2015లో యునెస్కోవారు ప్రపంచ స్మృతి పట్టికలో చేర్చిన నాన్కింగు పత్రములలో అది కూడ ఉన్నది. ఒకే గేటు దగ్గర, ఒకే రాత్రి, ఇద్దరు స్త్రీలు రెండు భాషలలో వ్రాసుకొన్న ఆ దినచర్యలను ఇప్పుడు ప్రక్కప్రక్కన పెట్టి చదువవచ్చును.